రోమను కొలోనియా – మన రైల్వే కాలనీ

గత జూన్ నెలలో మా రెండవవానిని బడిలో చేర్పించడానికి పోయినాము. ఏ బడి అన్నది ఇక్కడ అక్కరలేదు. ఈ ప్రాంతపు బడులన్నిటా పద్ధతి ఒకటే. దరఖాస్తు కాగితంలో ‘ఇనీషియల్’ అని ఒక చిన్న గడి ఉన్నది. అలవాటు చొప్పున అందులో మా ఇంటిపేరు గూడూరు అని వ్రాయబోగా, ఎదుటనున్న గుమాస్తాగారు వేలు అడ్డుపెట్టి, “ఇక్కడ తండ్రి పేరులో మొదటి అక్షరం వ్రాయాలి సార్. గూడూరు అంటే ఊరు గదా, ఊరిని అడ్రసు గడిలో వ్రాయండి” అన్నారు. ఆయన తప్పేమీ లేదు. తమిళ సోదరుల పద్ధతి అది. మేమూ గుమాస్తాలమే, గడికి మించి అక్షరాలు పట్టించరాదని మాకు తెలియును. చెప్పినట్లే వ్రాసి, రసీదు తీసుకొని ఇంటికి వచ్చినాము.

ఆ రాత్రి భోజనాల దగ్గర పిల్లవాడు, “నాన్నా, గూడూరు అంటే మనం నెల్లూరు పోయేటప్పుడు రైలు ఆగుతుందే, ఆ జంక్షనేనా మన ఊరు?” అని అడిగినాడు. కాదురా, మన గూడూరు కృష్ణా జిల్లాలో బందరుకు దగ్గర, మీ ముత్తాతగారు అక్కడి నుండి వచ్చినారు అని చెప్పినాము. “జంక్షను కాకపోతే ఆ ఊరు ఎవరికి తెలుస్తుంది?” అన్నాడు. వాళ్ళ అమ్మ నవ్వినది. మాకు మాత్రం అన్నం సహించలేదు. నాలుగు తరాలుగా పేరు ముందు మోసుకొని తిరుగుతున్న ఊరిని గూర్చి మాకు తెలిసినది కూడ అంతే గదా అని తోచినది.

ఆ ప్రశ్నకు జవాబు వెదకుచుండగా అది ఎక్కడో రోమకుల పుస్తకాలలో దొరికినది. దానిని ఈ ఉగాది సంచిక ద్వారా మన సంఘ కుటుంబాలతో పంచుకొనవలెనని మా ఆశ. మేము చరిత్రకారులము కాము. మెట్రిక్యులేషను తోనే చదువు నిలిపి ఉద్యోగంలో చేరినవారము. కాని పార్సెలు ఆఫీసులో కూర్చున్నవానికి ఊళ్ళ పేర్లతోనే పొద్దు తెల్లవారి, ఊళ్ళ పేర్లతోనే పొద్దు గ్రుంకును. మాకు పైన పనిచేసి రిటైరైన ఒక హెడ్ క్లర్కుగారు ఇల్లు ఖాళీ చేయుచు రెండు పెట్టెల పుస్తకాలు మాకిచ్చి పోయినారు. వాటిలో ఒక పాత అట్లాసూ, రోము చరిత్రా ఉన్నవి. సెలవు దినాలలో వాటిని తిరగవేయడం మాకు వ్యసనమైనది.

రోమకులకూ టైంటేబులు ఉండేదంటే మా ఆఫీసులో ఎవరూ నమ్మలేదు. కాని అది నిజం. ఆంటోనైను చక్రవర్తి పేరిట నేటికిని మిగిలిన ఒక లాటిను పుస్తకం ఉన్నది. అందులో కథా లేదు, వర్ణనా లేదు. ఈ ఊరి నుండి ఆ ఊరికి ఇన్ని మైళ్ళు, అక్కడ నుండి తరువాతి మజిలీకి ఇన్ని మైళ్ళు అని వరుసగా స్టేషన్ల పట్టిక. బ్రిటను మొదలు ఈజిప్టు దాకా ఇదే వరస. రాత్రి బసకు తగిన మజిలీని వారు మాన్సియో అన్నారు. గుర్రాలను మార్చుకొనే చిన్న మజిలీని ముటాటియో అన్నారు. ఇంజను మార్చే స్టేషనుకూ ఊరక నీళ్ళు పట్టుకొనే స్టేషనుకూ ఉన్నంత తేడా అన్నమాట. ‘మైలు’ అన్న మాట కూడ వారిదే. లాటినులో మిల్లే అంటే వెయ్యి, వెయ్యి జంట అడుగుల దూరం ఒక మైలు. మన ‘స్టేషను’, ‘జంక్షను’ అనే మాటలూ లాటిను మూలం నుండి వచ్చినవే.

ఇక ఊళ్ళ పేర్ల సంగతి. లాటిను పేర్లనగానే అవి రోమకులు పుట్టించినవని అనుకొంటాము. చాలా భాగం కాదు. అక్కడక్కడి జనం పలికే పేరును పట్టుకొని దానికి తమ భాషలోని తోక తగిలించినారు. లండనుకు వారు వ్రాసిన పేరు లొందీనియం. ఇటలీలోని మిలాను వారి మెదియొలానుం. ఈ రెండూ రోమకులు రాకముందటి స్థానిక పదాలకు లాటిను వేషం. మన ఊరిపేరును ఇంగ్లీషువారు పట్టుకొని ట్రివెల్లూర్ అని వ్రాసినట్లే.

రోమకులు సొంతాన పెట్టిన పేర్లు చూస్తే మరీ తమాషా. అవి మన పల్లెపేర్ల వంటివే. రెండు నదులు కలిసేచోట కోట కట్టి దానికి కాన్‌ఫ్లుయెంటెస్ అన్నారు, అంటే సంగమం. అదే అరిగి నేటి జర్మనీలో కోబ్లెంజ్ అయినది. దారి ప్రక్క మూడు దుకాణాలుంటే త్రెస్ తబెర్నె, మూడు అంగళ్ళు. మదనపల్లె దగ్గర అంగళ్ళు అనే ఊరు చూచినవారికి ఇది వింత కాదు. ఆ పేరు కలిగిన ఒక ఊరు నేడు ఫ్రాన్సులో సవెర్న్ అని పిలువబడుచున్నది. సైన్యం దిగిన విడిదికి కాస్త్ర అన్నారు. ఇంగ్లండులో చెస్టరు, మాంచెస్టరు, లాంకాస్టరు అనే పేర్ల చివర వినిపించేది ఆ కాస్త్రయే. మన పాళెం కూడ సైన్యపు విడిదియే గదా! పాళెమును ఏలినవాడు పాళెగాడు. తమిళంలో పాళయం. మేట్టుపాళయం స్టేషనుకు పార్సెలు కట్టినప్పుడెల్లా మాకు మాంచెస్టరు జ్ఞాపకం వచ్చును.

అన్నిటికంటె మా మనస్సుకు పట్టినది జర్మనీలోని కోలోను కథ. క్రీ.శ. 50లో రోము చక్రవర్తి క్లాడియసు తన భార్య అగ్రిప్పీన పుట్టిన ఊరికి పెద్ద హోదా ఇచ్చి, కొలోనియా క్లాడియా ఆరా అగ్రిప్పినెన్సియుం అని బారెడు పేరు పెట్టినాడు. అందులో చక్రవర్తి పేరు ఉన్నది, మహారాణి పేరు ఉన్నది, బలిపీఠం ఉన్నది. కొలోనియా అంటే వేరే చోటి నుండి వచ్చినవారికి భూములిచ్చి నిలిపిన ఊరు. ముఖ్యంగా నౌకరీ ముగిసిన సిపాయిలకు. జనం ఏమి చేసినారు? చక్రవర్తినీ వదిలినారు, మహారాణినీ వదిలినారు. వలస వచ్చినవారి పేట అన్న ఒక్క ముక్కను పట్టుకొన్నారు. కొలోనియా కోలోను అయినది. ఇంగ్లండులో లిండుం కొలోనియా లింకను అయినది. మేము కాపురముంటున్న క్వార్టర్ల వరుసను రైల్వే కాలనీ అంటారు. ఇది కూడ ఆ మాటే! ఇన్నేండ్లుగా ఆటోవానికి “కాలనీకి పోనీ” అని చెప్పుచున్నాము. ఆ మాట రెండు వేల ఏండ్లదని తెలియక చెప్పినాము.

బిరుదులన్నీ ఇట్లే రాలిపోయినవా అంటే, లేదు. పారిసు నగరం అసలు లాటిను పేరు లుటీషియా. దాని ప్రక్క పారిసియులనే తెగపేరు వ్రాసేవారు. ఊరిపేరు పోయి తెగపేరు నిలిచినది. త్రియెర్ పట్టణం పేరులో ఆగస్టా అన్న చక్రవర్తి బిరుదు పోయి త్రెవెరులనే తెగ మిగిలినది. ఇటలీలోని ఆవొస్తాలో మాత్రం తారుమారు. ఆగస్టా ఒక్కటే మిగిలినది. స్పెయినులో సీజరు, ఆగస్టసు ఇద్దరి పేర్లూ కలిసిన సీజరాగస్టా అరబ్బుల నోట పడి సరాఖుస్తా అయి, ఇప్పుడు సరగోసాగా ఉన్నది. ఉత్తర ఇంగ్లండులోని ఎబొరాకుం సంగతి ఇంకా చిత్రం. తరువాత వచ్చిన ఆంగ్లో సాక్సనులకు ఆ పేరు అర్థం కాక, తమ భాషలోని అడవిపంది మాట అందులో వినిపించి ఎఒఫొర్‌విక్ అన్నారు. వారి తరువాత డేనులు వచ్చి యోర్విక్ అన్నారు. అదే నేటి యార్కు. ఏ పేరు నిలుచునో, ఏది రాలునో ఏ చక్రవర్తి చేతిలోనూ లేదని ఈ పట్టిక చూస్తే తెలియుచున్నది. బజారులో సరకు దించేవాడు ఎట్లు పలికితే అట్లు.

కాన్‌స్టాంటినోపులు సంగతి మన పెద్దలకు బాగా రుచించును. చక్రవర్తి తన పేరిట పెట్టిన పట్నం అది. చుట్టుప్రక్కల వాళ్ళు మాత్రం ‘పట్నానికి’ అనే అర్థం గల గ్రీకు మాటతోనే దానిని చెప్పుకొనేవారు. ఆ మాటయే ఇస్తాంబులు అయినదని పండితులు చెప్పుదురు. 1930లో తుర్కీ ప్రభుత్వం దానినే ఖాయం చేసినది. మన నెల్లూరు, చిత్తూరు పల్లెలలో ముసలివాళ్ళు మదరాసు అనలేదు, చెన్నై అనలేదు. “పట్నం పోయొచ్చినాం” అన్నారు. అంతే.

ఇంతవరకు వచ్చి, మరి మన దేశపు ఊళ్ళను ఆ రోమకులు ఎట్లు వ్రాసినారో చూడవలెనని బుద్ధి పుట్టినది. అట్లాసులో రోమకుల దారుల పటమొకటి ఉన్నది. దాని మూలప్రతి నేడు వియన్నాలోని గ్రంథాలయంలో ఉన్నది. రోము నాటి పటాన్ని చూచి మధ్యయుగాలలో ఎవరో ఎత్తి వ్రాసినది. వెడల్పు మూరకంటె తక్కువ, పొడుగు ఆరు మీటర్లకు పైన. మన గోడకు తగిలించే రైల్వే మ్యాపు వలెనే దిక్కులూ ఆకారాలూ చూడరాదు, దారీ మజిలీలూ మాత్రమే చూడవలెను. దాని తూర్పు కొసన కేరళ తీరపు ముజిరిసు రేవు కలదు. ప్రక్కనే ఆగస్టసు గుడి అని ఒక గుర్తు.

మన తెలుగువారి ఊసు అంతకంటె ముందే, క్రీ.శ. 77 ప్రాంతంలో ప్లినీ వ్రాసిన లాటిను గ్రంథంలో వచ్చినది. ఆయన మనలను అందారె అన్నాడు. వారికి పల్లెలు అనేకమనీ, ప్రాకారాలూ బురుజులూ గల పట్టణాలు 30 అనీ, వారి రాజుకు లక్ష కాల్బలం, 2000 గుర్రాలు, 1000 ఏనుగులు కలవనీ చెప్పినాడు. ఆ ముప్పది పట్టణాల పేర్లూ వ్రాసి ఉంటే ఎంత బాగుండును! రెండేండ్లకే వెసూవియసు అగ్నిపర్వతం ప్రేలినప్పుడు అక్కడే ఆయన ప్రాణం విడిచినాడు. దాదాపు అదే కాలాన ఒక గ్రీకు వర్తకుడు ఎర్రసముద్రం మొదలు మన తీరం దాకా రేవుల వివరం వ్రాసుకొన్నాడు. అందులో మసాలియా అనే దేశంలో సన్నని బట్టలు విస్తారంగా నేయుదురని ఉన్నది. అది కృష్ణా ముఖద్వారపు ప్రాంతమనీ, మచిలీపట్నం పేరుతో దానికి చుట్టరికం ఉన్నదనీ పండితుల మాట. ఆ వ్యాపారపు సొమ్ము మన నేలలోనే దొరికినది. 18వ శతాబ్దం చివర నెల్లూరు దగ్గర ఒక రైతు పొలం దున్నుతుండగా నాగలికి ఇటుక కట్టడం తగిలినది. త్రవ్వి చూస్తే కుండలో రోము నాణెములు.

ఆ తరువాత వచ్చినవాడు టాలెమీ. ఈజిప్టులోని అలెగ్జాండ్రియా నగరవాసి, క్రీ.శ. 150 ప్రాంతపువాడు. రోము ఏలుబడిలో ఉన్నా ఆయన వ్రాసినది గ్రీకు భాషలో. 1406 ప్రాంతంలో అది లాటినులోకి వచ్చిన పిమ్మటనే ఐరోపా అంతటా వ్యాపించినది. ఆయన గ్రంథం కూడ పట్టికయే. ఊరి పేరు, దాని ఎదుట అక్షాంశం, రేఖాంశం. లెక్కలు చాలచోట్ల తప్పు. తాను ఎన్నడూ మన దేశానికి రాలేదు. ఓడవాళ్ళు చెప్పినది విని గుణించుకొన్నాడు. అయినను చెవి మాత్రం మంచిది! పాండ్యుల మధుర ఆయనకు మోదూరా, కరూరు కరూరా, ఉరైయూరు ఓర్తూరా. మన ఊరు అన్న మాట ఆయన వ్రాతలో ఊరా అయి ఎక్కడబడితే అక్కడ కనిపించుచున్నది.

కృష్ణా తీరాన్ని ఆయన మైసోలియా అన్నాడు. ఆ తీరంలో మొదట కొంతకోస్సిల అనే రేవు. అది మన ఘంటసాల. ఇది ఊరకే ధ్వనిని బట్టి చెప్పిన మాట కాదు. నాగార్జునకొండలో దొరికిన ఇక్ష్వాకుల నాటి ప్రాకృత శాసనంలో కంటకసెల అని ఆ ఊరి మహాచైత్యం ప్రసక్తి ఉన్నది. ఘంటసాలలో బౌద్ధ స్తూపమూ బయటపడినది. ఓడవాడు పలికినదీ, రాతి మీద చెక్కినదీ, నేడు మన గాయకుని ఇంటిపేరుగా దేశమంతా మారుమ్రోగినదీ ఒకటే ఊరు.

ఆ కొంతకోస్సిల తరువాత టాలెమీ పట్టికలో ఉన్న పేరు కొద్దూరా.

ఇక్కడ మేము పుస్తకం మూసి కొంతసేపు వరండాలో పచార్లు చేసినాము. కొద్దూరా అంటే బందరు దగ్గరి గూడూరు అని చరిత్ర పండితులు గుర్తించినారు. ఆ తీరం నుండే ఇంకొంత ముందుకు సువర్ణభూమికి ఓడలు బయలుదేరే చోటు ఉన్నదని టాలెమీ వ్రాసినాడు. గూడూరు జంక్షను కాదు, నిజమే. రైలు అనే మాట పుట్టక పదిహేడు వందల ఏండ్ల ముందు అలెగ్జాండ్రియాలో కూర్చున్నవాడు పట్టికలో వ్రాసుకొన్న ఊరు. మా పిల్లవాని దరఖాస్తు గడిలో పట్టనిది ఆ పేరు!

మనం ఉంటున్న తిరువళ్ళూరు, తిరుత్తణి ఆ పట్టికలో లేవు. కాని ఈ ప్రాంతం ఉన్నది. పెన్నకు దిగువన, చోళుల నాటికి ఎగువన ఉన్న సీమను టాలెమీ అరువార్నోయి అన్నాడు. తమిళ గ్రంథాలలోని అరువా నాడు అదే అంటారు. మనవాళ్ళు తమిళాన్ని అరవం అనడానికి ఈ అరువా నాడే కారణమని కొందరు పండితుల ఊహ. అరవ అనే మాట నేడు కొందరు తమిళ మిత్రుల మనస్సుకు నొప్పిగా ఉన్నది కనుక మేము వాడడం మానినాము. పుట్టుకలో మాత్రం అందులో చిన్నచూపు లేదు, ప్రక్క నాటివాళ్ళు అని మాత్రమే. వారు మనలను వడుగర్ అన్నదీ అట్లే, ఉత్తరపువాళ్ళని. ఆ మాటకు వస్తే, తిరువళ్ళూరుకు దగ్గరలోని అత్తిరాంపాక్కంలో 15 లక్షల ఏండ్ల నాటి రాతి గొడ్డళ్ళు దొరికినవి. 1863లో రాబర్టు బ్రూస్ ఫూటు అనే ఆయన వాటిని మొదట గుర్తించినాడు. ఆ గొడ్డళ్ళు చెక్కినవారు ఆ వాగును ఏమని పిలుచుకొన్నారో ఏ పట్టికలోనూ లేదు.

తిరువళ్ళూరు పేరు కథ మన సంఘంలో ఆడవారందరికీ తెలియును. శాలిహోత్ర మహర్షిని స్వామి, పడుకొనుటకు చోటెక్కడ అని అడిగినాడట. ‘ఎవ్వుళ్’ అన్న ఆ ప్రశ్నే ఎవ్వుళూరు, తిరు చేర్చితే తిరుఎవ్వుళూరు, నోటిలో అరిగి తిరువళ్ళూరు. ఊరి పేరే ప్రశ్నగా ఉన్న చోటు ఇంకొకటి మాకు కనబడలేదు. అద్దె ఇంటికి తిరిగినవారికి ఆ ప్రశ్న బాగా తెలియును. ఆ వీరరాఘవస్వామి గుడి నిర్వాహకత్వం అహోబిల మఠం వారిది. మన కర్నూలు సీమ కొండపేరు ఇక్కడ గుడిలో నిత్యం వినబడుచుండడం మనకు ఒక ఓదార్పు. తిరుత్తణి కథ, సూరపద్ముని వధ తరువాత సుబ్రహ్మణ్యస్వామి కోపం తణిసిన కొండ గనుక తణిగై అని. తణియుట మనకూ ఉన్న మాటే. దాహం తణిసినది అంటాము. 365 మెట్లెక్కినవారికి ఆ మాట అర్థం చెప్పనక్కరలేదు.

ఇంగ్లీషువారి చేతిలో ఈ పేర్లు పడిన పాట్లు వేరు. 1856 జూలై 1న రాయపురం నుండి ఆర్కాటు వైపు వాలాజా రోడ్డుకు మొదటి రైలు నడచినది. తిరువళ్ళూరు ఆ దారిలోనిదే. వాలాజా అన్నది ఆర్కాటు నవాబు బిరుదు. రోమకుల ఆగస్టా వంటిదే. మనవాళ్ళూ తక్కువవారు కాదు. ఇక్కడికి దగ్గరలోని నాగలాపురం శ్రీకృష్ణదేవరాయలు తన తల్లి నాగలాంబ పేర వెలయించినదని చెప్పుదురు. చెన్నపట్నం పేరూ అంతే. 1639లో ఇంగ్లీషువారికి రేవు స్థలమిచ్చిన దామర్ల వెంకటాద్రి నాయకులు తన తండ్రి చెన్నప్ప పేరిట అట్లు పిలిపించినారని ప్రసిద్ధి. 1996లో మదరాసు పోయి చెన్నై వచ్చినప్పుడు ఒక తెలుగు తండ్రి పేరు మళ్ళీ పైకి వచ్చినదని మనలో ఎందరు గమనించినారో! సెంట్రలు స్టేషనుకు 2019లో ఎం.జి.ఆర్. పేరు పెట్టినారు. మా టిక్కెట్ల మీద మాత్రం దాని గుర్తు నేటికిని ఎం.ఎ.ఎస్. అనియే ఉన్నది. ఊరి నుండి పోయిన మదరాసు మా గుమాస్తాల మూడక్షరాలలో తల దాచుకొన్నది.

ఆ మూడక్షరాలతోనే మాకు ఒకసారి తలవంపు వచ్చినది. తిరువళ్ళూరుకు టి.ఆర్.ఎల్., కావేరి సీమలోని తిరువారూరుకు టి.వి.ఆర్., తిరుత్తణికి టి.ఆర్.టి. ఒక వేసవిలో మా బావమరిది నూజివీడు మామిడిపండ్ల బుట్ట మాకు బుక్ చేసినాడు. అది తిరువారూరుకు పోయినది. తప్పు ఏ స్టేషనుదో వ్రాయము. నాలుగు దినాలకు బుట్ట మా చేతికి వచ్చునప్పటికి ప్లాట్‌ఫారమంతా ఘుమఘుమలాడినది. తినదగినవి ఆరు మిగిలినవి. పేరులో ఒక్క అక్షరం తేడాను తేలికగా చూడరాదని ఆనాటి నుండి మాకు పట్టుదల. 2020 జూన్‌లో తమిళనాడు ప్రభుత్వం 1018 ఊళ్ళ పేర్లకు ఇంగ్లీషు వ్రాతను తమిళ ఉచ్చారణకు సరిపడ మార్చుచు ఉత్తరువు చేసి, కొద్ది దినాలలోనే దానిని వెనుకకు తీసుకొన్నప్పుడు మా ఆఫీసులో వాదాలు జోరుగా సాగినవి. ఎవరి చెవికి సరిపోయిన వ్రాత వారికి సరి.

తిరుత్తణికి పేరు మారలేదు, అడ్రసు మారినది. 1911 ఏప్రిలు 1 దాకా అది ఉత్తర ఆర్కాటు జిల్లాలోనిది. ఆ దినాన చిత్తూరు జిల్లా ఏర్పడగా అందులో చేరినది. 1953లో ఆంధ్ర రాష్ట్రంతో పాటు ఇటు వచ్చినది. తరువాత సరిహద్దు ఆందోళనలు, తమిళుల పక్షాన మ.పొ. శివజ్ఞానం గారి ఉద్యమం, పటాస్కరు గారి మధ్యవర్తిత్వం. గ్రామాన్ని గ్రామంగా తీసుకొని భాష లెక్క చూచినారు. 1960 ఏప్రిలు 1న తిరుత్తణి మదరాసు రాష్ట్రంలో కలిసినది. తిరువళ్ళూరు, పొన్నేరి తాలూకాల నుండి కొన్ని పల్లెలు ఆంధ్రప్రదేశ్‌కు వచ్చి సత్యవేడు తాలూకా అయినది. చెంగల్పట్టు జిల్లాలో ఉండి, 1997 నుండి తిరువళ్ళూరు జిల్లాలో ఉన్నది. ఆ తగవులో ఊళ్ళ పేర్లను కూడ సాక్ష్యానికి పిలిచినారు. మా బుద్ధికి తోచినంతలో అది చెల్లని సాక్ష్యం. ఊరు అన్న మాట నెల్లూరులోనూ ఉన్నది, తిరువళ్ళూరులోనూ ఉన్నది, టాలెమీ కరూరాలోనూ ఉన్నది. అది ఎవరిదని విడదీయుదురు?

మొన్న ఆడికృత్తికకు తిరుత్తణి కొండ మెట్ల దగ్గర పూలమ్మే ఒక ముసలమ్మ మా ఇల్లాలి మాట విని తెలుగులో పలుకరించినది. ఆ తెలుగు యాస మా కృష్ణా తీరపు చెవికి కొంత వింత. “మీదే ఊరమ్మా? ఎప్పుడు వచ్చినారు?” అని అడిగినాము. “ఎప్పుడొచ్చేది సామీ? ఇదే మా ఊరు. మా తాతల కాలం నించి ఈడనే. వచ్చినోళ్ళు మీరు” అన్నది. మాకు తల తిరిగినట్లయినది. మేము ఊరు మారి వచ్చినాము. ఆమె కదలకుండా కూర్చుండగా రాష్ట్రం మారినది. ఆమెను మనతో పాటు వలస తెలుగువారి లెక్కలో వేయడం తప్పు. ఆమె మనవలకు కూడ ఇనీషియలు గడి ఒక్క అక్షరమే పట్టును.

ఈ తిరుత్తణిలోనే, 1888 సెప్టెంబరు 5న, ఒక తెలుగు ఇంట సర్వేపల్లి రాధాకృష్ణన్ గారు జన్మించినారు. సర్వేపల్లి తిరుత్తణిలో లేదు. అది నెల్లూరు జిల్లాలో ఒక ఊరు. వారి పూర్వులు అక్కడివారు. ఊరు విడిచి వచ్చి ఎన్ని తరాలయినా పేరు వెంట వచ్చినది. పుట్టింది తిరుత్తణి, ఆక్సుఫర్డులో పాఠం చెప్పినా, రాష్ట్రపతి భవనంలో ఉన్నా ముందు నడచినది సర్వేపల్లి. రోమకుల కొలోనియాలలో వలస వచ్చినవారు తాము వచ్చిన ఊరిని అక్కడ విడిచి, క్రొత్త ఊరికి పేరు పెట్టినారు. మన తెలుగువారు క్రొత్త ఊరి పేరు జోలికి పోక, పాత ఊరిని తమ పేరులో కట్టుకొని వచ్చినారు. మా కాలనీలోనే చూడండి. మోటూరువారు, నిడుమోలువారు, పామర్రువారు, వల్లూరువారు, కావలివారు ఉన్నారు. వరుసగా తలుపుల మీది పేర్లు చదువుకొంటూ పోతే సగం కోస్తా మ్యాపు కండ్ల ముందు నిలుచును. వారి పిల్లల మార్కుల కాగితాలలో మాత్రం కె., ఆర్., ఎస్. అనియే ఉన్నవి. ఇంకొక తరం పోతే ఈ తలుపుల మీద కూడ అవే ఉండును.

బడి గడిని మార్చవలెనని మేము అడుగము. ఇక్కడ బ్రతుకుచున్నాము, ఇక్కడి పద్ధతి పాటించవలసినదే. మా మనవి సంఘం కార్యవర్గానికి. మన సభ్యత్వ పుస్తకంలో పేరు, చిరునామా, చందా అని మూడు గళ్ళున్నవి. నాలుగవది ఒకటి గీయించండి. ఇంటిపేరు పూర్తిగా, ఆ ఊరు ఏ జిల్లాలో దేనికి దగ్గరో, ఎవరి కాలంలో అక్కడి నుండి బయలుదేరినారో అందులో వ్రాయుదము. తెలియనివారు ఈ ఉగాదికి ఊరికి ఫోను చేసినప్పుడు తాతయ్యలనూ అమ్మమ్మలనూ అడిగి తెలుసుకొనగలరు. పుస్తకానికి గీతలు గీసే పని ఉచితంగా మేము చేసి పెట్టుదుము; అది మాకు చేతనైన పని. మొదటి పద్దు మా పిల్లవాని చేత వ్రాయించినాము. వాని అక్షరాలు ఇంకా వంకరగానే ఉన్నవి.

“గూడూరు. కృష్ణా జిల్లా. బందరు దగ్గర. ముత్తాత కాలంలో వచ్చినాము. జంక్షను కాదు.”